వెంకటేసు కొడుకు

పోయిన వారం మైత్రిని ఒక పందెంలో ఇరికించి వదిలేశాం. అక్కణ్ణుంచే అందుకుందాం. కొత్తగా ఈ పేజీ తిప్పినవాళ్ళ కోసం నాలుగు ముక్కలు చెప్పి ముందుకు పోతాను.

మైత్రి అమెరికాలో, హెర్న్‌డన్‌లో పుట్టింది, అక్కడే పెరిగింది. షాంటిలీలో ఒక కంపెనీలో ఆరేళ్ళు డేటా ఇంజనీరుగా చేసింది. వారం రోజుల సెలవుకని ప్యూర్టో రికో దీవికి వెళ్ళి, పుంతా సాల్ అనే జాలరి ఊళ్ళో దిగి, మళ్ళీ ఫ్లైటెక్కలేదు. ఏడాదిన్నరగా అక్కడి జాలర్ల సంఘం తరఫున, వచ్చినవాళ్ళకు ఊరు చూపిస్తూ, ఊరి చేపలు రుచి చూపిస్తూ బతుకుతోంది. తండ్రి వాసుదేవరావు గుండె డాక్టరుగా రిటైరైన మనిషి. గుడ్డు వేసిన కేకు కూడా ముట్టని శాకాహారి. కూతుర్ని వెనక్కి తీసుకుపోవడానికి సోమవారానికి రెండు టికెట్లు కొనుక్కుని మరీ దిగాడు. మాటా మాటా పెరిగి పందెం దాకా వచ్చింది. ఆదివారం టూరులో ఆయన కూడా ఒక అతిథిగా కూర్చుంటాడు. ఒక్కరు మొహం చిట్లించి మధ్యలో లేచిపోయినా మైత్రి సూట్‌కేసు సర్దుకోవాలి. అందరూ తృప్తిగా తిని లేస్తే ఆయన జన్మలో ఈ మాట ఎత్తడు. తల్లి పద్మిని మోకాలి ఆపరేషనై ఇంట్లో ఉండిపోయింది. ఆవిడ తరఫు సాక్షులుగా షాంటిలీ నుంచి ఉషా ఆంటీ, రామమోహన్ అంకుల్ వెంట వచ్చారు. రామమోహన్ గారు తినేటప్పుడు మాట్లాడరు, తిన్నాక నిద్రపోతారు. కాబట్టి సాక్ష్యమంతా ఉషా ఆంటీదే.

ఆదివారం పొద్దున తొమ్మిదింటికి పది మంది అతిథులు రేవు దగ్గర చేరారు. మనవాళ్ళు ముగ్గురు, ఒహాయో నుంచి ఒక కుటుంబంలో ఐదుగురు, న్యూజెర్సీ నుంచి మొగుడూ పెళ్ళాలు.

పుంతా సాల్ కూడా అమెరికాయే. అవే డాలర్లు, అదే పోస్టాఫీసు. కానీ హెర్న్‌డన్‌లో లాగా ఇక్కడ ఎవరూ గడియారం చూసి పలకరించరు. ఎవరి పడవ వచ్చింది, ఎవరిది రాలేదు అన్నదే ఊరి గడియారం. మైత్రి ఆ మాటే చెప్పి టూరు మొదలుపెట్టింది. మొదటి మజిలీలో చేప కూర పెట్టి మడిచి నూనెలో వేయించిన పూరీలు ఇచ్చింది. "చేప కజ్జికాయే ఇది, పేరు మార్చారంతే" అంది ఉషా ఆంటీ. రామమోహన్ గారు ఆ సంగతి తేల్చుకోవడానికి మూడు తిన్నారు. వాసుదేవరావు గారికి విడిగా వేయించిన అరటికాయ ముక్కలు పెట్టారు. ఆయన వాటిని కూడా ఏదో పరీక్ష పేపరు దిద్దుతున్నట్టు తిన్నాడు.

రెండో మజిలీ శంఖాల గుట్ట. మూడు తరాల జాలర్లు లోపలి మాంసం తీసుకుని డొల్లలు పోసిన చోటు అది. రెండు నిలువుల ఎత్తుంది. ఎండకు వెలిసి తెల్లబడ్డవి అడుగున, లోపలి గులాబీ రంగు ఇంకా ఆరనివి పైన. ప్రతి శంఖానికీ పై కొసన వేలెడు గంటు ఉంది. అక్కడ కొట్టి, కత్తి దూర్చి, పట్టు విడిపిస్తారని మైత్రి చెబుతోంది గానీ వినేవాళ్ళు లేరు. అందరూ తలలెత్తి చూస్తున్నారు. గాలి ఆ గంట్లలో దూరి సన్నగా మోగుతోంది. లక్ష శంఖాలు, ఊదేవాడు లేకుండా.

ఉషా ఆంటీ చెప్పులు విప్పేసి దణ్ణం పెట్టుకుంది. ఆవిడకు అది అసంకల్పితం. పూజ గదిలో ఒక్క శంఖం ఉంటేనే మడి కట్టుకునే మనిషి, కొండంత కనిపిస్తే ఊరుకుంటుందా? ఆవిణ్ణి చూసి ఒహాయో కుటుంబం ఇది ఈ ఊరి ఆచారం కాబోలనుకుని ఐదు జతల బూట్లు విప్పింది. న్యూజెర్సీ వాళ్ళూ విప్పారు. పడవ దగ్గర వల సర్దుకుంటున్న ముసలి జాలరి చాగో, తన ఊరి చెత్తకుప్ప ముందు ఇంతమంది చెప్పులు లేకుండా నిలబడటం చూసి, ఒక్క క్షణం ఆలోచించి, తనూ టోపీ తీసేశాడు. మైత్రి తప్పు దిద్దుదామనుకుంది. కానీ గుట్ట వంక చూస్తే అలా నిలబడటమే సరైనదనిపించి ఊరుకుంది.

తర్వాత నిమ్మరసం పిండిన శంఖం మాంసం కాగితం కప్పుల్లో ఇచ్చారు. "శంఖంలో తీర్థం పోస్తాం గానీ శంఖాన్ని తినడమేంటే తల్లీ" అని ఉషా ఆంటీ గునిసింది. గునుస్తూనే తింది.

మైత్రి కళ్ళు మాత్రం తండ్రి మీదే ఉన్నాయి. మొదటి మజిలీలో ఆయన సముద్రానికి వీపు పెట్టి కూర్చున్నాడు. ఇక్కడా అంతే. అందరూ గుట్టనీ నీళ్ళనీ చూస్తుంటే, ఆయన రోడ్డు మీద పార్క్ చేసిన కార్లను చూస్తున్నాడు. ఈ ఊరు, ఈ వాసన, ఈ పని, ఆయనకు ఎంత చిన్నతనంగా ఉందో అనుకుంది మైత్రి. 

మూడో మజిలీ చిన్నదే. పడవల కథలు, కొబ్బరి నీళ్ళు. నాలుగోది కర్మీన్ వంటిల్లు. పందెం నెగ్గినా ఓడినా ఇక్కడే.

రేకుల కప్పు కింద పొడుగాటి బల్ల, పది పళ్ళేలు. కర్మీన్ సంఘం వంటింటికి పెద్ద, అరవై దాటిన మనిషి. సియెర్రా అనే చేపని అడ్డంగా ముక్కలు కోసి, వేయించి, వెనిగరు, నూనె, ఉల్లిపాయ, మిరియాలు వేసి రాత్రంతా ఊరబెడుతుంది. సియెర్రా మన వంజరానికి దగ్గరి చుట్టం. మన చేపల పులుసు మర్నాటికి రుచెక్కినట్టే ఇదీనూ. ఈ ముక్క కోసమే వేరే ఊళ్ళ నుంచి జనం వస్తారు. కర్మీన్ పెద్ద ట్రే ఎత్తుకొచ్చి వడ్డించడం మొదలుపెట్టింది. ముక్కలు బంగారు రంగులో మెరుస్తున్నాయి. న్యూజెర్సీ ఆవిడ ఫోటో తీసింది. రామమోహన్ గారు ఫోర్కు ఎత్తారు.

ట్రే వాసుదేవరావు గారి ముందు నుంచి వెళ్ళబోయింది. ఆయన చెయ్యి చాపి కర్మీన్ మణికట్టు పట్టుకున్నాడు.

"తినమాకండి" అన్నాడు.

మైత్రికి ఆ గొంతు ఎవరిదో వెంటనే తెలియలేదు. వాళ్ళ నాన్న రేడియోలో వార్తలు చదివినట్టు మాట్లాడతాడు. ఈ మాట ఎక్కడో నేల లోపలి నుంచి వచ్చింది. ఆయనకూ అది తెలిసినట్టుంది. గొంతు సర్దుకుని, ఇంగ్లీషులో, అందరూ దయచేసి ఫోర్కులు కింద పెట్టండి, నేను డాక్టర్ని అన్నాడు.

"ఏమైంది నాన్నా?"

"ఈ ముక్క చూడు. కండలో సూదితో పొడిచినట్టు సన్న బొక్కలు లేవూ? ఎండలో పడి ఉన్న చేప ఇది. వాసన రాదు. వేయించినా, వెనిగర్‌లో నానబెట్టినా లోపలి విషం చావదు."

"నీకెలా తెలుసు? నువ్వు లైఫ్‌లో ఫిష్ టచ్ చేయలేదు కదా."

ఆయన ట్రేని తన వైపు ఇంకాస్త లాక్కున్నాడు.

మైత్రి స్పానిష్‌లో చెప్పేసరికి కర్మీన్ మొహం గంటు పెట్టుకుంది. నలభై ఏళ్ళుగా తన వంటింట్లో తిని ఒక్కరు జబ్బు పడలేదంది. చేప పట్టింది చాగో. అతన్ని పిలిచారు. డెబ్భై ఏళ్ళ మనిషి, వల పక్కన పడేసి నిదానంగా వచ్చి, ట్రే వంకా, చొక్కా జేబులో పెన్ను పెట్టుకున్న ఈ పెద్దమనిషి వంకా చూశాడు.

"ఈయన ఏం పని చేస్తాడు?" అని మైత్రిని అడిగాడు.

"గుండె డాక్టరు. మా నాన్న."

"అయితే గుండెలు చూసుకోమను. చేప సంగతి నేను చూసుకుంటాను."

మైత్రి దాన్ని తెలుగులోకి కాస్త మెత్తబరిచి చెప్పింది. మెత్తబరిచినా వాసుదేవరావుకు అర్థమైంది. ఆయన లేచి నిలబడ్డాడు. ట్రేలోంచి ఒక ముక్క తీసుకుని, ముల్లు నుంచి కండని రెండు వేళ్ళతో వలిచి, నోట్లో పెట్టుకున్నాడు.

ఉషా ఆంటీ "అయ్యో అన్నయ్యగారూ" అని నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది.  ఇంట్లో ఎవరి పుట్టినరోజుకైనా కేకు తెస్తే, గుడ్డు లేదని డబ్బా మీద చదివాకే ముట్టే మనిషి. ఆ మనిషి కళ్ళు మూసుకుని, ఎడమ చేతి వేళ్ళ కణుపుల మీద బొటనవేలితో లెక్క పెట్టుకుంటున్నాడు. ఒకటి, రెండు, మూడు. ఇరవై దాకా పెట్టాడు. ఎక్కడో నేర్చుకున్నవాడిలా పెట్టాడు.

"చెప్పు అతనికి" అన్నాడు కళ్ళు తెరిచి. "మిరియమైతే నోరంతా మండుతుంది. ఇది నాలుక కొసన, పెదాల మీద చీమలు పాకినట్టు చిమచిమలాడతది. ఇరవై లెక్కపెట్టి చూసుకోమను."

చెప్పి, ఆ పొద్దున మొదటిసారి సముద్రం వైపు తిరిగి, కాగితం నాప్కిన్‌తో మూతి తుడుచుకున్నాడు.

చాగో ఆయన మొహంలోకి కాసేపు చూశాడు. తర్వాత ఒక ముక్క తీసుకుని అలాగే ముల్లు నుంచి వలిచి నోట్లో వేసుకున్నాడు. వేసుకుని, ఎడమ చెయ్యి ఎత్తి, కణుపుల మీద బొటనవేలితో లెక్క పెట్టడం మొదలుపెట్టాడు. అదే చెయ్యి, అదే లెక్క. భూగోళానికి ఆ చివరా ఈ చివరా ఉన్న ఇద్దరు ముసలివాళ్ళకు ఒకే పాఠం ఎవరు చెప్పారో మైత్రికి అంతుపట్టలేదు. 

పదిహేను దాకా వచ్చాక చాగో పిట్టగోడ అవతలికి ఉమ్మేశాడు. నీళ్ళు పుక్కిలించి మళ్ళీ ఉమ్మాడు. టోపీ తీసి చేత్తో పట్టుకున్నాడు.

"శుక్రవారం ఇంజను ఆగిపోయింది" అన్నాడు, ఎవరి వంకా చూడకుండా. "నాలుగు గంటలు ఎండలో కొట్టుకుపోయాను. ఐసు కరిగిపోయింది. ఒడ్డుకొచ్చాక మళ్ళీ ఐసులో పెట్టాను. వాసన చూశాను, బాగానే ఉంది. ఆదివారం పెద్ద చేప ఉండాలి, మా నాన్న వస్తున్నాడు అన్నావు పిల్లా. ఖాళీ చేతులతో ఎలా వస్తాను?"

అతని మీద కోపం తెచ్చుకుందామని చూసింది గానీ మైత్రికి రాలేదు. అతిథుల వైపు తిరిగి ఉన్నది ఉన్నట్టు చెప్పింది. చేప చెడిపోయింది, మా తప్పే, ఇవాళ ఈ వంటకం లేదు. ఒహాయో వాళ్ళు మొహామొహాలు చూసుకున్నారు. న్యూజెర్సీ ఆయన నాప్కిన్ బల్ల మీద పెట్టి లేచాడు. భార్య కూడా లేచింది. ఇద్దరూ మర్యాదగానే థాంక్స్ చెప్పి కారు వైపు నడిచారు.

ఒక్కరు లేస్తే చాలనుకున్నారు, ఇద్దరు లేచారు.

మైత్రి నడుముకి కట్టుకున్న ఏప్రన్ ముడి విప్పింది. "యూ విన్, నాన్నా. మండే ఫ్లైట్‌కి వస్తాను" అంది. 

వాసుదేవరావు పదిహేను వందల మైళ్ళు వచ్చింది ఈ ఒక్క వాక్యం కోసం. విన్నాక చెయ్యాల్సిందేమీ లేదు. ఊరికే తల ఊపితే చాలు. ఆయన మాత్రం కూతురి చేతిలోని ఏప్రన్ వంక చూస్తూ నిలబడ్డాడు. తర్వాత దాన్ని తీసుకుని తన నడుముకి కట్టుకున్నాడు.

"పొద్దున ఎర కోసం చిన్న చేపలు పట్టి ఉంటారు. ఉన్నయ్యేమో అడుగు."

చాగో పడవలో ఒక బకెట్ ఉంది. నీళ్ళలో ఇంకా కదులుతూ మెరుస్తున్న సార్డీన్లు. వాటిని చూడగానే ఆయన "కవళ్ళు" అన్నాడు మెల్లగా, చిన్ననాటి స్నేహితుణ్ణి పేరు పెట్టి పిలిచినట్టు.

"అవి ఎర. మనుషులకు పెట్టం" అంది కర్మీన్.

"మా అమ్మ నన్ను అవే పెట్టి పెంచింది" అన్నాడు ఆయన తెలుగులో. మైత్రి ఆ మాటను స్పానిష్‌లో చెప్పలేదు. ముందు తనకే అర్థం కావాలి కదా.

కత్తి అందిస్తే ఆయన వద్దన్నాడు. చొక్కా చేతులు మడిచి, పీట మీద గొంతుక్కూర్చుని, ఎడమ చేత్తో చేపని పట్టి, కుడి చేతి బొటనవేలి గోరు మెడ కింద గుచ్చి ఒక్క లాగు లాగాడు. తలా పేగులూ కలిసి ఊడి వచ్చాయి. గోరు అలాగే కడుపు వెంట జార్చి, నీళ్ళలో ఒక్కసారి జాడించి పక్కన వేశాడు. రెండోది. మూడోది. పదో చేపకి చూడటం మానేశాడు. చేతులు వాటంతటవే నడుస్తున్నాయి, ఆయన కళ్ళు ఎక్కడో ఉన్నాయి. నలభై ఏళ్ళు మనుషుల గుండెల్లో తీగలు నడిపిన చేతులు అవి. ఆ నేర్పు ఎక్కడిదని హెర్న్‌డన్‌లో అందరూ అడిగేవారు. ఎక్కడిదో మైత్రి ఇప్పుడు చూస్తోంది.

వంటింటి ఆడవాళ్ళు ఒక్కొక్కరే వచ్చి చుట్టూ నిలబడ్డారు.  కర్మీన్ మొహంలో గంటు ఎప్పుడు పోయిందో తెలియదు. మైత్రి తండ్రిని ముప్పై ఏళ్ళుగా చూస్తోంది. ఇంత గొప్పగా ఎప్పుడూ చూడలేదు. ఆమెకు ఆయన్ని చూస్తే గుట్ట ముందు నిలబడ్డప్పటిలా చెప్పులు విప్పాలనిపించింది.

పావుగంటలో బకెట్ ఖాళీ అయింది. ఉప్పు, నిమ్మరసం పట్టించాక ఆయన తలెత్తి, "కారం ఉంటే బావుండు" అన్నాడు. ఉషా ఆంటీ హ్యాండ్‌బ్యాగ్ తెరిచింది. అటూ ఇటూ వెతికి, జిప్‌లాక్ కవర్లో గుంటూరు కారం తీసి బల్ల మీద పెట్టింది. ఆవిడ విమానాశ్రయాల్లో దాన్ని ఎలా దాటించిందన్నది వేరే కథ.

నూనెలో మొదటి వాయ పడగానే లేచిన వాసన రోడ్డు దాకా పోయింది. కారు స్టార్ట్ చేసిన న్యూజెర్సీ ఆయన అద్దం దించాడు. కాసేపటికి ఇంజను ఆగింది. ఇద్దరూ వెనక్కి వచ్చి, ఏమీ జరగనట్టు తమ కుర్చీల్లో కూర్చున్నారు. ముల్లుతో సహా నమలొచ్చని వాసుదేవరావు ఒకటి కొరికి చూపించాడు. ఆ తర్వాత బల్ల దగ్గర కరకరమన్న చప్పుడు తప్ప మరోటి వినిపించలేదు. నాలుగు వాయలయ్యాయి. ఒహాయో పెద్దాయన పళ్ళెంలో మిగిలిన పొడి కూడా వేలితో అద్దుకు తిన్నాడు. రామమోహన్ గారు ఆ రోజుకి మొదటిసారి నోరు విప్పి, "బావుందండీ" అన్నారు.

పది పళ్ళేలూ ఖాళీ. ఎవరి మొహంలోనూ చిట్లింపు లేదు. పందెం గురించి మైత్రి అడగలేదు, ఆయన చెప్పలేదు. జేబులోంచి మడిచిన టికెట్ల కాగితం తీసి, చేతుల నూనె దాంతో తుడుచుకున్నాడు.

అప్పుడు కర్మీన్ అడిగింది. పుంతా సాల్‌లో ఏం చదివావు, ఎంత సంపాదించావు అని అడగరు. కొత్త మనిషి పనిమంతుడని తేలితే అడిగేది ఒక్కటే.

"ఈయన ఎవరి కొడుకు?"

మైత్రి ఆ ప్రశ్నని తండ్రికి తెలుగులో చెప్పింది. వాసుదేవరావు చేతులు ఆగిపోయాయి. 

"చెప్పు. వెంకటేసు కొడుకుని. నాగాయలంక అవతల, సముద్రం ఒడ్డున పల్లెపాలెం. వల ఇసిరితే చుట్టుపక్కల ఆయనకి సాటి వచ్చేవాడు లేడు."

తాతయ్య పొలం చేసేవాడని, తను పుట్టకముందే పోయాడని మైత్రి విన్నది అంతే. పేరు ఇవాళే తెలిసింది. ఆమె స్పానిష్‌లో చెప్పింది. కర్మీన్ ఆ పేరును నోట్లో తిప్పుకుని, "వెంకటేసు" అంది. చాగో అన్నాడు. వెనకాల ఆడవాళ్ళు కూడా ఒక్కొక్కరే అన్నారు, వచ్చీరాని పలుకులతో. ఎప్పుడో పోయిన మనిషిని ఒక ఊరు ఊరంతా పేరు పెట్టి పలికింది. వాసుదేవరావు ఏప్రన్‌తో మొహం కప్పుకుని ఏడ్చాడు.

అతిథులు వెళ్ళాక తండ్రీ కూతుళ్ళు బోర్లించిన పడవ మీద కూర్చున్నారు. ఈసారి ఆయన మొహం నీళ్ళ వైపే ఉంది. మధ్యాహ్నపు ఎండలో సముద్రం మెరుస్తోంది.

"ఎందుకు చెప్పలేదు నాన్నా? షేమ్‌గా ఉండిందా?"

"సిగ్గా?" ఆయన తల అడ్డంగా ఊపాడు. "డెబ్బయ్యేడు నవంబరు. నేను గుంటూరులో మెడిసిన్ రెండో ఏడు. మా పాలెంలో మొదటి డాక్టర్ని అవుతానని మా నాన్న అందరికీ చెప్పుకునేవాడు. ఉప్పెన వచ్చింది. తాటిచెట్టంత నీళ్ళు వచ్చినయ్యన్నారు. నేను పోయేసరికి పాలెం లేదు. ఇసక ఉంది. అంతే."

మైత్రి ఆయన చెయ్యి పట్టుకుంది.

"ఇంట్లో ఎవరెవరు?"

"అమ్మా, నాన్న." కొంచెం ఆగి, చూపు తిప్పుకుని, "ఇద్దరే" అన్నాడు.

"అమ్మకి తెలుసా ఇది?"

"లేరని తెలుసు. ఎలా పోయారని పెళ్ళైన కొత్తలో అడిగింది. నేను మాట్లాడలేదు. మళ్ళీ అడగలా. నా వాళ్ళని మింగిన సముద్రం మైత్రీ. ఆ సముద్రంలో చేపని నేనెట్టా తింటాను? ఆ రోజు నుంచి ముట్టలేదు. నువ్వొచ్చి, తుఫాన్లొచ్చే దీవిలో, సరిగ్గా ఒడ్డున ఇల్లు తీసుకున్నానని ఫోన్ చేశావు. నాకు ఆ రోజు నుంచి నిద్ర లేదు."

ఏడాదిన్నరగా తను గర్వమనుకున్నది భయం.  ఆయన భుజం మీద తల పెట్టుకుంది. ఆయన ఒళ్ళు వెచ్చగా తగిలింది. ఎండకేమో అనుకుంది. తలెత్తి చూస్తే మెడ ఎర్రగా ఉంది. ఎరుపు చెవుల దాకా పాకి, బుగ్గల మీదికి వస్తోంది. చేతుల మీద దద్దుర్లు.

"నాన్నా, నీ ఫేస్ ఏంటి ఇలా అయింది?"

"కంగారు పడకు. ఆ చేపే. తల కూడా నొప్పిగా ఉంది." డాక్టరు కాబట్టి తన జబ్బు తనే తాపీగా చెప్పుకున్నాడు. "ఉష దగ్గర అలర్జీ మాత్ర ఉంటదేమో చూడు."

"కానీ నువ్వు స్పిట్ చేశావు కదా? చాగో చేశాడు. నువ్వు కూడా అటు తిరిగి..."

ఆయన చిన్నపిల్లాడిలా తల దించుకున్నాడు.

"ఉమ్మలేదా? తెలిసీ మింగావా? గుండెలో రెండు స్టెంట్లు పెట్టుకుని?"

"నలభయ్యేడేళ్ళయిందే" అన్నాడు ఆయన. "మా అమ్మ చేసిన వంజరం ముక్క లాగే ఉంది. నోట్లో పెట్టినాక ఉమ్మబుద్ధి కాలా."

మైత్రి లేచి వంటింటి వైపు కేక పెట్టింది. ఉషా ఆంటీ హ్యాండ్‌బ్యాగ్ పట్టుకుని పరిగెత్తుకొచ్చింది. మాత్ర వేశారు. చాగో ట్రక్కు తేవడానికి పరుగెత్తాడు. ఆసుపత్రి నలభై నిమిషాల దూరం. మైత్రి తండ్రి మణికట్టు పట్టుకుని నాడి చూడబోయింది. వేగంగా కొట్టుకుంటున్నది ఆయనదో తనదో తెలియలేదు. ఆయన మెల్లగా ఆమె భుజం మీదికి ఒరిగాడు. కళ్ళు సగం మూసుకుపోయాయి. ఆ సగం కళ్ళతోనే ఆమె మొహంలోకి చూసి, ఎన్నాళ్ళకో కనిపించిన మనిషిని చూసినట్టు నవ్వాడు.

"తెప్ప పైకి లాగి కట్టావా చెల్లీ, నాగమణీ?" అన్నాడు. "నీళ్ళొస్తన్నయ్. నా చెయ్యి వదలమాక. ఈసారి నేనూ వదలను."

ట్రక్కు హారన్ మోగుతోంది. మైత్రి ఆయన చెయ్యి వదల్లేదు. ఇంట్లో ఇద్దరే అని, తను పోయేసరికి పాలెమే లేదని ఇందాకే కదా చెప్పాడు.